చాటికోన సంతలో ఒక బుధవారం

బదిలీ కాగితం చేతికందిన రోజున మా ఆవిడ అడిగిన మొదటి ప్రశ్న, "రాయగడలో మనవాళ్ళున్నారా?" అని. ఆవిడ బరంపురంలో పుట్టి పెరిగిన మనిషి. పెళ్ళయ్యాక నా వెంట సంబల్‌పూరు, కటకం తిరిగి, పక్కింటివాళ్ళతో పాతికేళ్ళు ఒడియాలోనే కష్టసుఖాలు చెప్పుకుంది. అందుచేత ఆ ప్రశ్నలో తప్పులేదు. కాని రాయగడలో తెలుగుకు లోటేమిటి? 1936 ఏప్రిల్ 1న ఒరిస్సా ప్రత్యేక రాష్ట్రం అయ్యేవరకు ఆ ప్రాంతం మద్రాసు రాజధానిలోనిదే, జయపురం జమీందారీ. నాగావళి ఒడ్డున మజ్జిగౌరమ్మ గుడి దగ్గర ఆదివారంనాడు నిలబడితే పార్వతీపురం, బొబ్బిలి, విజయనగరం యాసలు మూడూ వినిపిస్తాయి. కూరల బజారులో బేరం తెలుగులోనే సాగుతుంది. నెల తిరక్కుండానే మా ఆవిడకు నలుగురు స్నేహితురాళ్ళు, ఒక చీటీ కూడా కుదిరాయి.

నేను చెప్పదలచుకున్నది రాయగడ గురించి కాదు. అక్కడికి ఉత్తరాన రైలు కిటికీలోంచి ఎడమచేతి వైపు కనిపించే కొండల గురించి, ఆ కొండల్ని గుడ్డ మీద కుట్టుకునే మనుషుల గురించి. కామర్సు చదివి, ముప్ఫై ఏళ్ళుగా లెడ్జర్లు తిరగేసినవాణ్ణి. కళల గురించి రాసే అర్హత నాకు లేదని ముందే మనవి చేసుకుంటున్నాను.

అసలు ఇందులోకి దిగింది ఒక శాలువా వల్ల. 2024 జనవరిలో ఒడిశాకు చెందిన కొన్ని వస్తువులకు భౌగోళిక గుర్తింపు వచ్చింది. కోరాపుట్ కాలాజీరా బియ్యం, సిమిలిపాల్ ఎర్రచీమల పచ్చడి, లాంజియా సవరల గోడబొమ్మలు, వాటితోపాటు డొంగ్రియా కోందుల కప్డాగండా శాలువా. పేపర్లో చదివాం. అదే సంవత్సరం మా పై అధికారి ఒకాయన రిటైరవుతుంటే, అందరూ కప్పే పట్టు శాలువా ఎందుకు, ఈ కొత్త గుర్తింపు వచ్చిందే కప్పుదామని నేనే సలహా ఇచ్చాను. ఒక ఊళ్ళో ఎగ్జిబిషన్‌లో కొన్నాను. ఏ ఊరో, ఏ స్టాలో చెప్పను. ధర మాత్రం బాగానే గుంజారు. సభలో చప్పట్లు మోగాయి. నేనూ మురిసిపోయాను.

రాయగడ వచ్చాక ఆ సభ ఫోటోలు మా అటెండరుకు చూపించాను. అతనిది బిస్సంకటక్ దగ్గర పల్లె. తెలుగు, ఒడియా, కువి మూడూ వచ్చు. ఫోటో దగ్గరగా పెట్టుకుని చూసి, "శాలువా వెనకవైపు చూశారా సార్?" అన్నాడు. శాలువాకు వెనకవైపు చూడాలని నాకేం తెలుసు? అదృష్టవశాత్తు మా ఆవిడ అదే స్టాల్లో తనకోసం ఒకటి కొనుక్కుంది. ఇంటికి పోయి తిరగేసి చూశాం. వెనక దారాలన్నీ ఒకే కొలతలో, మధ్యమధ్య తెల్లటి కాగితంలాంటి పలక అతుక్కుని ఉంది. మిషను ఎంబ్రాయిడరీ. ఆ పెద్దమనిషికి నేను నిండు సభలో కప్పింది అదీ!

ఆ సిగ్గు ఇంకా పోకముందే నా బల్ల మీదికి ఒక ఫైలు వచ్చింది. కొండ అడుగున ఉన్న ఒక పల్లెలోని ఆడవాళ్ళ స్వయం సహాయక బృందం, కప్డాగండా తయారీకి మూడు లక్షల అప్పు అడుగుతోంది. ప్రాజెక్టు రిపోర్టు ఎవరో చదువుకున్నవాళ్ళు దివ్యంగా రాసిపెట్టారు. నెలకు నలభై శాలువాలు, ఒక్కొక్కదానికి ఇంత ముడిసరుకు, ఇంత కూలి, ఇంత లాభం. లెక్కలన్నీ కుదిరాయి. అంత చక్కగా కుదిరిన లెక్కను చూస్తే నాకు అనుమానమే. చూసి వద్దామని బుధవారం పెట్టుకున్నాను, ఎందుకంటే చాటికోన సంత బుధవారం. మా ఆవిడా బయలుదేరింది. ఆఫీసు పనికి ఇల్లాలిని తీసుకువెళ్ళకూడదని రూలేమీ లేదు. జీపు ఖర్చు నాదే లెండి.

రాయగడలో పొద్దున్నే రైలెక్కితే తేరువల్లి దాటాక నియమగిరి కనిపించడం మొదలవుతుంది. కొండంటే ఒక్కటి కాదు. సుమారు 250 చదరపు కిలోమీటర్ల మేర, రాయగడ, కలహండి జిల్లాల మధ్య పరుచుకున్న వరసలు. ఒకదాని వెనక ఒకటి, దగ్గరిది ఆకుపచ్చ, ఆ వెనకది నీలం, దాని వెనకది పొగ రంగు. కింది పొలాల్లో ఎక్కడ చూసినా పత్తి. ఈ జిల్లాలో గడచిన ఇరవై ఏళ్ళలో పత్తి విపరీతంగా పెరిగిపోయింది. ఒకప్పుడు చోళ్ళు, సామలు, కందులు కలిపి చల్లుకున్న చేలన్నీ ఇప్పుడు తెల్లగా మెరుస్తున్నాయి. ఆ పత్తికి అప్పులిచ్చిన వాళ్ళలో నేనూ ఒకణ్ణి.

బిస్సంకటక్‌లో దిగి జీపులో చాటికోన చేరేసరికి సంత మంచి వేడిమీద ఉంది. డొంగ్రియాలు తెల్లవారుజామునే కొండ దిగి వస్తారు. మగవాళ్ళకూ పొడుగు జుట్టు, ముడి, ముడిలో దువ్వెన, వరసగా క్లిప్పులు. ఆడవాళ్ళకు చెవినిండా రింగులు, ముక్కున మూడు పోగులు, తల మీద బరువు. మేం వెళ్ళింది మార్గశిరం. కమలాలు, అరటిగెలలు, అల్లం, చిక్కుళ్ళు, కొండచీపుళ్ళు, అడ్డాకుల కట్టలు వచ్చాయి. వానాకాలంలో వస్తే అనాసపళ్ళు చూడాలి సార్, కాలు పెట్టడానికి చోటుండదని మా అటెండరు చెప్పాడు. పండ్ల తోటల పెంపకంలో వీళ్ళకు పెట్టింది పేరు. పనస, మామిడి, అరటి నీడలో పసుపు, అల్లం, అనాస పెంచుతారు. చెట్టు కొట్టి పంట వేయడం కాదు, చెట్టు కింద పంట వేయడం.

సంతలో నాకు నచ్చనిది కూడా చెప్పాలి. దారిలోనే, సంత ఇంకా ఫర్లాంగు దూరం ఉండగానే, కొందరు వ్యాపారులు ఎదురువెళ్ళి బుట్టలు దింపించేసుకుంటున్నారు. తూకం లేదు, మూట చూసి ధర. ఒకావిడ తట్టెడు కమలాలు ఎంతకిచ్చిందో విని మా ఆవిడ నోరు నొక్కుకుంది. అవే కమలాలు రాయగడలో మేం డజను లెక్కన కొంటున్నాం.

కువి మాట మన మాటకు చుట్టమేనని నాకు అక్కడే తెలిసింది. ద్రావిడ భాషల్లో తెలుగు ఉన్న కొమ్మ మీదే గోండీ, కుయి, కువి, కొండ భాషలు కూడా ఉన్నాయని భాషాశాస్త్రం చెబుతుందిట. శాస్త్రం మాట అటుంచి, పక్కన ఇద్దరు ఆడవాళ్ళు మాట్లాడుకుంటుంటే మా ఆవిడ నా మోచెయ్యి గిల్లి, "ఇల్లు అంటోందండీ, విన్నారా? అచ్చం మనలాగే ఇల్లు!" అంది. కంటినీ వాళ్ళు కన్నే అంటారని అటెండరు చెప్పాడు. అప్పటినుంచి ఆవిడ వాళ్ళ మాటల్లో తెలుగు ఏరుకోవడమే పనిగా పెట్టుకుంది. నాలుగు దొరికాయి, నలభై పోయాయి. అయినా పెళ్ళిలో దూరపు బంధువుని కలుసుకున్నంత సంబరపడింది.

ఇక శాలువా. సంతలో ఇద్దరు ముగ్గురు కుర్రవాళ్ళ భుజాల మీద చూశాను. ముతక నూలు గుడ్డ, మట్టి కలిసిన తెలుపు. ఆ గుడ్డ డొంగ్రియాలు నేయరు. పక్కనే ఉండే డోంబు కులంవాళ్ళు నేసి ఇస్తే, వెనకటి రోజుల్లో ధాన్యమిచ్చి తీసుకునేవారు. కుట్టు మాత్రం డొంగ్రియా ఆడపిల్లలది. ఎరుపు, పసుపు, ఆకుపచ్చ దారాలు. అంచుల వెంబడి గీతలు, గీతల మధ్య త్రిభుజాలు, త్రిభుజాల మీద త్రిభుజాలు. ముందుగా పెన్సిలుతో గీసుకోవడం, అచ్చు వేసుకోవడం లేదు. రంగులు ఒకప్పుడు ఆకుల నుంచి, పసుపుకొమ్ము నుంచి తీసేవారు. ఇప్పుడు దారం కట్టలు సంతలోనే కొంటున్నారు, అందులో దాపరికం లేదు. ఫోటో తీయాలని నా చెయ్యి జేబులోకి పోయింది. కొండ ఊళ్ళవాళ్ళను ఫోటోలు తీయడం మీద ప్రభుత్వ నిషేధం ఉందని అటెండరు గుర్తుచేశాడు. బయటివాళ్ళు వచ్చి వీళ్ళను జంతుప్రదర్శనలోలాగా చూసిపోయిన రోజులున్నాయిట. అందుకే నేను వెళ్ళిన ఊరి పేరు కూడా ఇక్కడ రాయడం లేదు.

ఆ ఊరికి జీపు సగం దూరమే పోతుంది. మిగతాది నడక. వాగు రెండుసార్లు అడ్డొచ్చింది. మార్గశిరంలో కూడా మోకాలి కిందివరకు నీళ్ళు, గాజులా ఉన్నాయి. బూట్లు చేత్తో పట్టుకుని నడిచాను. మా ఆవిడ నన్ను చూసి నవ్వి, నాకంటే ముందే దాటేసింది.

ఇళ్ళు రెండు వరసలు, ఎదురెదురుగా. చూరు ఎంత కిందికంటే వంగకుండా లోపలికి పోలేం. మధ్యనున్న ఖాళీలో ధరణి పెను, అంటే భూదేవి, రాతి గుర్తులు. దగ్గరలో చిన్న గుడిసె, దానికి మట్టిగోడ, గోడ మీద త్రిభుజాల వరసలు. నేను అక్కడే ఆగిపోయాను. సంతలో కుర్రవాడి భుజం మీద చూసిన బొమ్మే ఈ గోడ మీద ఉంది. తల తిప్పి పైకి చూస్తే, ఊరి వెనక అదే వరస, ఈసారి నిజం కొండలు. ముగ్గు వేసినట్టు ఉందని మా ఆవిడ అంది. నాకు మాత్రం, ఇంతసేపూ డిజైను అనుకుంటున్నది డిజైను కాదేమోనని తోచింది.

"త్రిభుజం ఏమిటి?" అని అటెండరు చేత అడిగించాను. బృందంలో పెద్దావిడ నా ప్రశ్నకు ఆశ్చర్యపోయి చేత్తో కొండ చూపించింది. కళ్ళెదురుగా ఉన్నదాన్ని ఏమిటని అడుగుతాడేం ఈ మనిషి అని కాబోలు. ఆకుపచ్చ కొండకు, పంటకు. పసుపు శుభానికి. ఎరుపు నెత్తురుకు, భూమితల్లికి ఇచ్చే బలికి. అంతకంటే విడమర్చి ఎవరూ చెప్పలేదు. మనం మాత్రం గుమ్మానికి పసుపు ఎందుకు రాస్తామో విడమర్చి చెప్పగలమా?

ఆఫీసు పని మొదలుపెట్టాను. చెట్టు కింద పదకొండు మంది కూర్చున్నారు. ఫైలు తెరిచి, "నెలకు నలభై చేయగలరా?" అన్నాను. అటెండరు అనువదించగానే నవ్వు మొదలైంది. ఒకరిని చూసి ఒకరు, కొంగు నోటికడ్డం పెట్టుకుని, చివరికి నా అటెండరు కూడా. పొలం పని, ఏరుకొచ్చే పని, వంట పని అన్నీ అయ్యాక మిగిలిన వేళల్లో కుట్టేది. ఒక్క శాలువా నిండడానికి నెలలు పడుతుంది. ఆ రిపోర్టు ఎవరు రాశారో వాళ్ళకూ సరిగా తెలియదు. ఎవరో బాబు వచ్చాడు, వేలిముద్రలు వేయించుకున్నాడు అన్నారు.

పక్కన అరుగు మీద పద్దెనిమిదేళ్ళ పిల్ల ఒకతె మాతో సంబంధం లేనట్టు కుట్టుకుంటోంది. మా ఆవిడ వెళ్ళి పక్కన కూర్చుంది. మొదట చేసిన పని గుడ్డ వెనక్కి తిప్పి చూడటం! దెబ్బతిన్నవాళ్ళకు జాగ్రత్త ఎక్కువ. వెనక కూడా దాదాపు ముందున్నట్టే ఉంది. ముడులు ఎక్కడున్నాయో వెతకాలి. "ఎంతకిస్తుందో అడగండి" అంది. ఆ పిల్ల తల అడ్డంగా ఊపింది. నేను ఎగ్జిబిషన్‌లో మోసపోయిన ధర చెప్పాను. ఊపింది. దానికి రెట్టింపు చెప్పాను. బేరంలో నేను దిగడమే గాని ఎక్కడం ఎరగను. అయినా ఆ వేళ ఎందుకో పట్టుదల వచ్చింది. అటెండరుకు ఇబ్బందిగా ఉంది, మొహం పక్కకు తిప్పుకుని అడిగాడు. ఆ పిల్ల సూది గుడ్డలో గుచ్చి నా వైపు చూసి ఒక మాట అంది.

"వాళ్ళ అన్నదిట సార్. అన్నది తనెలా అమ్ముతుంది అంటోంది."

ఆడపిల్ల తన అన్నకో, తండ్రికో, మనసుపడినవాడికో కుట్టి ఇచ్చేది ఇది. కుట్టు నేర్చుకునేది కూడా ఊళ్ళో ఆడపిల్లలంతా రాత్రిళ్ళు కలిసి పడుకునే ఇంట్లో, పెద్దపిల్లల దగ్గర చిన్నపిల్లలు. అమ్మడానికి వేరే కుడతారు. చిన్న గుడ్డలు, సంచులు, పంట పని లేనప్పుడు. రెండూ ఒకే సూదితో కుట్టినా, రెండూ ఒకటి కావు. నా ఫైలులో రెండింటికీ కలిపి ఒకటే గడి ఉంది.

ఇక్కడ 2013 సంగతి చెప్పాలి. ఈ నియమగిరి నెత్తిన బాక్సైటు ఉంది. ఏడు కోట్ల టన్నులకు పైనే అని లెక్క. కొండ కింద లాంజిగఢ్‌లో వేదాంత కంపెనీవాళ్ళ అల్యూమినా కర్మాగారం ఉంది. ఆ కర్మాగారానికి ఈ కొండ తవ్వి ఇవ్వాలన్నది ప్రయత్నం. 2010లో ఎన్.సి. సక్సేనా కమిటీ వచ్చి చూసి, తవ్వకం కూడదంది. ఆ ఆగస్టులోనే కేంద్రం అటవీ అనుమతి నిరాకరించింది. వ్యవహారం సుప్రీంకోర్టుకెక్కింది. 2013 ఏప్రిల్ 18న కోర్టు, ఆ కొండ మీద వాళ్ళకున్న హక్కులూ, వాళ్ళ దేవుడి హక్కూ సంగతి గ్రామసభలే తేల్చాలంది. 2006 అటవీహక్కుల చట్టం ఆధారం. రాష్ట్ర ప్రభుత్వం పన్నెండు ఊళ్ళు ఎంచింది. రాయగడలో ఏడు, కలహండిలో అయిదు. జూలై 18 నుంచి ఆగస్టు 19 వరకు, జిల్లా జడ్జి సమక్షంలో, వానలో, బురదలో సభలు జరిగాయి. పన్నెండుకు పన్నెండూ వద్దన్నాయి. 2014 జనవరిలో కేంద్రం ఆఖరుగా కాదంది. మళ్ళీ సభలు పెట్టాలని రాష్ట్రం వైపు నుంచి వేసిన దరఖాస్తును 2016లో సుప్రీంకోర్టు కొట్టేసింది.

ఆ రోజుల్లో నేను కోస్తా బ్రాంచిలో ఉన్నాను. టీ వేళ పేపరు చదువుతూ, "అమాయకులు. రాయల్టీ వచ్చేది, రోడ్లు వచ్చేవి, ఉద్యోగాలు వచ్చేవి. చేజేతులా పోగొట్టుకున్నారు" అని మా వాళ్ళతో అన్నది నేనే. ఆ మాట నాకు బాగా గుర్తు. అప్పటికి నేను ఆ కొండను రైలు కిటికీలోంచి కూడా చూడలేదు.

ఆ మధ్యాహ్నం చెట్టు కింద కూర్చుని వాళ్ళ లెక్క విన్నాను. కొండ నెత్తిన ఉండేవాడు నియమరాజు. కొండ పేరు నియమగిరి. నియమం అన్న మాటకు మనకు అనువాదం అక్కర్లేదు. వీళ్ళకు విత్తనాలిచ్చినవాడు, నియమం పెట్టినవాడు ఆయనే. ఆ నియమంలో ఒకటి, పైనున్న అడవి కొట్టకూడదు. పోడు కింది వాలుల మీదే. పోడు వల్ల ఆ వాలులు కొన్నిచోట్ల బోడిగా ఉన్న మాట నిజమే. నా కళ్ళతో చూశాను, వాళ్ళు దేవతలని నేను చెప్పడం లేదు. కాని పై అంచు దగ్గర గీత గీసినట్టు అడవి మొదలవుతుంది. ఆ గీత దాటి ఎవరి గొడ్డలీ పోదు. వాన నీరు పైన ఇంకి, కింద ఊటలుగా ఏడాదంతా కారుతుంది. వాళ్ళు తమను తాము ఝర్నియాలు అని చెప్పుకుంటారు. ఊటలకు కాపలావాళ్ళు అని అర్థం. జనాభా అంతా కలిపి సుమారు 8,000. అంత చిన్న జనం ఇన్ని వందల ఊటలకు కాపలా.

బ్యాంకువాడికి అర్థమయ్యే మాటల్లో చెప్పాలంటే, వాళ్ళు అసలు ముట్టకుండా వడ్డీతో బతుకుతున్నారు. మనం ఇస్తామన్నది అసలు తీసేసుకుని, దానికి రశీదు.

వాళ్ళలో ఒక ముసలావిడ బెజుణి, అంటే దేవతలతో మాట్లాడే మనిషి. అంతవరకూ ఏమీ మాట్లాడకుండా కూర్చున్నది, ఉన్నట్టుండి నన్ను అడిగింది, మీదే ఊరు అని. బరంపురం అన్నాను. అది కాదు, మీ తాతల ఊరు ఏది అంది. శ్రీకాకుళం జిల్లా, హిరమండలానికి దిగువన, వంశధార ఒడ్డున అని చెప్పాను. వంశధార అనగానే అటెండరు అనువాదం చేయకముందే ఆవిడకు తెలిసింది. ఇందాక నేను బూట్లు చేత్తో పట్టుకుని దాటిన వాగు పోయి కలిసేది వంశధారలోనే. ఈ కొండల్లో లాంజిగఢ్ దాపున పుట్టి, గుణుపురం మీదుగా దిగి, కళింగపట్నం దగ్గర సముద్రంలో కలిసే నది. నాగావళికి కూడా ఈ కొండల పడమటి ఊటలు అందుతాయి. అంటే శ్రీకాకుళం జిల్లాలో మనవాళ్ళు రెండు ఏళ్ళ నీళ్ళు తాగుతుంటే, రెండింటిలోనూ ఈ కొండల వాటా ఉందన్నమాట. మా తాత వంశధార ఒడ్డునే పుట్టి, మిల్లులో గుమాస్తాగా ఎగువకు గుణుపురం వచ్చి, మళ్ళీ ఒడ్డు విడిచి పోలేదు. నేనే నదిని పట్టించుకోలేదు.

"మా నీళ్ళు మీ ఊరు వస్తాయా?" అని అడిగింది.

"వస్తాయి" అన్నాను.

"ఏం పండిస్తారు?"

"వరి."

"పొలం బాగుందా?"

దీనికి జవాబు చెప్పడానికి నాకు కొంత టైము పట్టింది. హిరమండలం దిగువన వంశధార కాలవ కింద మాకు ఉమ్మడిగా ఎకరం ముప్ఫై సెంట్లు ఉండేది. 2023లో మా పెదనాన్నగారి అబ్బాయి ఫోను చేసి, "ఏటి తమ్ముడూ, నువ్వొచ్చి దున్నుతావా, నేను దున్నుతానా? బేరం ఒచ్చింది. నీ సంతకం ఒకటే తక్కువ" అన్నాడు. మాట న్యాయంగానే తోచింది. ఒక శనివారం వెళ్ళి సంతకం పెట్టి, సాయంత్రం రైలుకే తిరిగొచ్చాను. గట్టు మీదకు కూడా వెళ్ళలేదు. ఎండగా ఉంది. నా వాటా ఫిక్సెడ్ డిపాజిట్ చేశాను, స్టాఫుకిచ్చే ఒక శాతం అదనపు వడ్డీతో. అందులో నేను చేసిన తప్పేమిటని ఇవాళ్టికీ ఎవరైనా అడిగితే నా దగ్గర జవాబు లేదు. వాణిజ్యపరంగా సరైన నిర్ణయమే.

"బాగుంది. మా అన్నయ్య చూసుకుంటున్నాడు" అని చెప్పాను.

అటెండరు అదే అనువదించాడు. ముసలావిడ సంతోషించి తల ఊపింది. మా ఆవిడ మాత్రం నా వైపు ఒక్కసారి చూసి, మళ్ళీ కుట్టు వైపు తిరిగింది. తిరిగి వచ్చేటప్పుడు జీపులో ఆ విషయం ఎత్తలేదు. ఇంటికి వచ్చాక కూడా ఎత్తలేదు.

మర్నాడు ఆఫీసులో ఆ ఫైలుకు ఏం చేయాలో ఆలోచించాను. తిరస్కరించడం తేలిక. నెలకు నలభై శాలువాలు అబద్ధం కాబట్టి ప్రాజెక్టు నిలబడదు అని ఒక్క వాక్యం రాస్తే చాలు. సెక్యూరిటీ సమస్య ఎలాగూ లేదు. బృందాలకు ఇరవై లక్షల వరకు తాకట్టు అడగకూడదని రిజర్వు బ్యాంకు నియమం. అటెండరును మళ్ళీ పంపి, అసలు మీకు డబ్బు దేనికి కావాలో అడిగి రమ్మన్నాను. జవాబు రెండు రోజుల్లో వచ్చింది. పసుపు ఉడకబెట్టడానికి పెద్ద బాణలి, ఎండబెట్టుకోవడానికి కల్లం, దాచుకోవడానికి గది. పచ్చి పసుపు దారిలో మూట లెక్కన ఇచ్చేయకుండా, ఎండబెట్టి తూకం మీద అమ్ముకోవాలన్నది వాళ్ళ కోరిక. అడిగింది మూడు లక్షలు కాదు, లక్షా ఇరవై వేలు. కొత్త కాగితాలు నేనే కూర్చుని రాశాను. పైవాళ్ళు ఒక ప్రశ్న వేశారు, భౌగోళిక గుర్తింపు వచ్చిన చేనేత వస్తువు వదిలి పసుపు ఎందుకని. వస్తువు అమ్మకానికి లేదు అని రాసి పంపాను. ఇంకో ప్రశ్న రాలేదు. వాయిదాలు పసుపు అమ్మాక మొదలయ్యేలా పెట్టాం.

ఫాల్గుణంలో సరుకు చూడటానికి రెండోసారి వెళ్ళాను. ఈసారి మా ఆవిడ తనంత తానే సంచీ సర్దుకుంది. అందులో రాయగడ బజారులో కొన్న మూడు రంగుల దారం కట్టలున్నాయి, ఎగ్జిబిషన్ శాలువా మాత్రం లేదు. వాగులో నీళ్ళు తగ్గాయి గాని ఎండలేదు. కల్లం ఇంకా సగమే అయింది, బాణలి పొయ్యి మీద ఉంది, ఊరంతా పసుపు వాసన. బెజుణి మనవరాలి ఊరికి పోయిందన్నారు. ఆవిడను చూడకుండా తప్పించుకున్నందుకు సంతోషించానో, విచారించానో నాకే తెలియదు.

ఆ పిల్ల అరుగు మీదే ఉంది. మా ఆవిడ ఇచ్చిన దారం వేళ్ళతో పీకి చూసి, ఎరుపు ఉంచుకుని, పసుపు, ఆకుపచ్చ తిరిగి ఇచ్చేసింది. రంగు సరిపోలేదుట. ఒక అంచు పూర్తయింది. రెండో అంచు మీద కొండల వరస మొదలైంది. ఇంకా జానెడు పైచిలుకు ఖాళీ ఉంది. ఎప్పటికవుతుందని అడిగాను. చోళ్ళు చల్లేలోపల అంది.